పర్మిట్ ఇవ్వరు, ఇవ్వమనీ చెప్పరు. 14 నెలలైంది, ఏం చేయాలి?

పల్లెబస్సు_ఓనరు
12 సెప్టెంబరు 2025, రాత్రి 10:42

అందరికీ నమస్కారం. చాన్నాళ్ళుగా ఇక్కడ చదువుతున్నాను, రాయడం ఇదే మొదలు.

మాది కోస్తాలో ఒక మెట్ట మండలం. మండల కేంద్రం నుంచి లోపలి తొమ్మిది ఊళ్ళు తిరిగి పక్క మండలంలో సంత జరిగే ఊరి దాకా, మొత్తం 34 కిలోమీటర్లు. ఈ రూటుకి స్టేజి క్యారేజి పర్మిట్ కావాలని పోయిన ఏడు జూలైలో అప్లికేషన్ పెట్టాను. ఫీజు కట్టాను, రూటు మ్యాపు, టైమ్ టేబుల్ ఇచ్చాను, రసీదు ఉంది. అప్పట్నుంచి ఆఫీసుకి పదకొండు సార్లు తిరిగాను. ఒకసారి సర్వే రిపోర్టు రాలేదన్నారు. ఒకసారి ఆర్టీసీ వాళ్ళ అభిప్రాయం రావాలన్నారు. ఇంకోసారి మీటింగే జరగలేదన్నారు. మొన్న వెళ్తే గుమాస్తా మారాడు, ఫైలు వెతకాలి అన్నారు.

నేను చేసిన తెలివితక్కువ పని ఏంటంటే, పర్మిట్ వచ్చేస్తుందన్న ధీమాతో 32 సీట్ల బండి అప్పు చేసి కొనేశాను. నెలకి 41 వేలు కిస్తీ. బండి మామిడితోటలో టార్పాలిన్ కింద ఉంది. డ్రైవరు సీటు వెనకాల మా కోడి గుడ్లు పెడుతోంది.

కోర్టుకి వెళ్ళొచ్చా? వెళ్తే వీళ్ళు పగబడతారా?

బెజవాడ_ట్రావెల్స్
12 సెప్టెంబరు, రాత్రి 11:05

బ్రో సింపుల్. 30 రోజుల్లో ఏ సంగతీ చెప్పకపోతే పర్మిట్ ఇచ్చినట్టే లెక్క. కేంద్రం రూల్సు మార్చింది. ధైర్యంగా రోడ్డెక్కించు.

నేలపాడు_వకీలు
13 సెప్టెంబరు, ఉదయం 6:20

పైన చెప్పింది నమ్మి బండి బయటకి తీయకండి దయచేసి. ఆ 30 రోజుల మాట 2021లో వచ్చిన ఆలిండియా టూరిస్టు వాహనాల రూల్సులోది. ఆన్‌లైన్లో అప్లికేషన్ పెట్టాక 30 రోజుల్లో నిర్ణయం రాకపోతే దానంతటదే వచ్చినట్టు అని అందులో ఉండేది, 2023లో వాటి స్థానంలో కొత్త రూల్సు వచ్చాయి. అది టూరిస్టు పర్మిట్ సంగతి. ఊరూరా ఆగి జనాన్ని ఎక్కించి దించే స్టేజి క్యారేజికి మోటారు వాహనాల చట్టం 1988లో అలాంటి సౌకర్యం లేదు.

ఇక పల్లెబస్సు గారి సంగతి. మీ కష్టం ఎక్కడుందో చెప్తాను. పర్మిట్ నిరాకరిస్తే 89వ సెక్షన్ కింద రాష్ట్ర రవాణా అప్పీలు ట్రిబ్యునలుకి వెళ్ళొచ్చు. కానీ అప్పీలు చేయాలంటే చేతిలో ఒక ఆర్డరు ఉండాలి. మీకు ఆర్డరే లేదు. 'కాదు' అంటే కొట్లాడొచ్చు, 'చూద్దాం' అంటే దేని మీద కొట్లాడతారు? ఈ సందులోనే అప్లికేషన్లు ఏళ్ళ తరబడి మగ్గిపోతాయి.

అందుకు దారి హైకోర్టులో రిట్. మాండమస్ అడగాలి, అంటే అధికారులు తమ పని తాము చేయాలని కోర్టు ఇచ్చే ఆదేశం. అయితే కోర్టు మీకు పర్మిట్ ఇచ్చేయమని చెప్తుందని అనుకోకండి. 'ఈ అప్లికేషన్‌ను చట్టప్రకారం పరిశీలించి ఇన్ని వారాల్లో ఏదో ఒకటి తేల్చండి' అంటుంది. చాలామంది క్లయింట్లు ఆ కాపీ చూసి గెలిచామని స్వీట్లు పంచుతారు. అది గెలుపు కాదు, ఫైలు కదలడం.

ముందు ఒక ప్రశ్న. మీ 34 కిలోమీటర్లలో ఎంత మేర నోటిఫైడ్ రూటు మీద పడుతుంది?

పల్లెబస్సు_ఓనరు
13 సెప్టెంబరు, ఉదయం 7:48

నోటిఫైడ్ అంటే ఆర్టీసీ తిరిగే మెయిన్ రోడ్డేనా సార్? మండల కేంద్రం నుంచి క్రాస్ రోడ్డు దాకా మెయిన్ రోడ్డే. 6 కిలోమీటర్ల చిల్లర. తర్వాత అంతా లోపలి రోడ్డు, ఆ వైపు ఆర్టీసీ రెండేళ్ళ కిందటే మానేసింది.

నేలపాడు_వకీలు
13 సెప్టెంబరు, ఉదయం 8:10

మీ ఫైలు ఎందుకు కదలట్లేదో ఇప్పుడు అర్థమైంది.

సీటు_నంబరు_23
13 సెప్టెంబరు, ఉదయం 9:31

నేను బస్సు ఓనర్ని కాదు, బస్సు కోసం నిలబడే మనిషిని. మాదీ ఇలాంటి ఊరే. కాలేజీకి వెళ్ళాలంటే షేర్ ఆటోలో పదకొండు మందిమి. వెనక కడ్డీ మీద కూర్చున్న పిల్లకి ఒక కాలే లోపల ఉంటుంది. ఆ ఆటోకి మాత్రం ఏ ఫైలూ అడ్డం రాదు, బస్సుకే ఇన్ని అడ్డాలా?

రిటైర్డ్_డీఎం
13 సెప్టెంబరు, మధ్యాహ్నం 2:15

డిపో మేనేజరుగా రిటైరైనవాణ్ణి. ఇక్కడ ఆర్టీసీని తిట్టడం మామూలే కాబట్టి నా మాటా వినండి.

నోటిఫైడ్ రూటు అనేది గుమాస్తా పెట్టిన అడ్డం కాదు. చట్టంలో ఆరో అధ్యాయం మొత్తం దాని గురించే. ప్రభుత్వం ఒక రూటుని ఆర్టీసీకి కేటాయిస్తూ స్కీము ప్రకటిస్తే, అభ్యంతరాలు విని ఖాయం చేస్తే, ఆ తర్వాత స్కీముకి విరుద్ధంగా పర్మిట్ ఇవ్వొద్దని 104వ సెక్షన్ పర్మిట్లిచ్చే ఆర్టీఏ (ప్రాంతీయ రవాణా అధికార సంస్థ) చేతుల్నే కట్టేసింది. వాళ్ళు ఇవ్వాలనుకున్నా ఇవ్వలేరు. 1985లో ఆదర్శ్ ట్రావెల్స్ కేసులో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం కూడా ఇదే చెప్పింది: స్కీములో నిషేధం ఉంటే నోటిఫైడ్ రూటులో చిన్న ముక్క మీద కూడా ప్రైవేటు బస్సు నడపరాదు. 'మేం అక్కడ ఎవర్నీ ఎక్కించుకోం, దాటి వెళ్ళిపోతాం' అన్నా కుదరదన్నారు.

దీని వెనక కథ మన కృష్ణా జిల్లా వాళ్ళకి తెలియాలి. 1957లో జిల్లా రూట్లు జాతీయం చేయబోతే ప్రైవేటు ఆపరేటర్లు సుప్రీంకోర్టు దాకా వెళ్ళారు. గుళ్ళపల్లి నాగేశ్వరరావు కేసు. 1958లో కోర్టు ఆ స్కీముని కొట్టేసింది. ఎందుకో తెలుసా? అభ్యంతరాలు విన్నది రవాణా శాఖ కార్యదర్శి, తేల్చింది ముఖ్యమంత్రి. ఒకరు విని ఇంకొకరు తేల్చడం ఏం విచారణ అన్నారు. పైగా ఆ కార్యదర్శి ఆ శాఖ మనిషే. దాంతో రెండోసారి ముఖ్యమంత్రే కూర్చుని విన్నారు. ఆపరేటర్లు మళ్ళీ వెళ్ళారు, 1959లో ఓడిపోయారు. లా కాలేజీల్లో ఇప్పటికీ చెప్తారు ఆ కేసు. మన బస్సు తగాదాలు దేశానికి న్యాయసూత్రం నేర్పాయి, మనకి మాత్రం బస్సు టైముకి రాదు, అది వేరే సంగతి.

బెజవాడ_ట్రావెల్స్
13 సెప్టెంబరు, సాయంత్రం 4:02

సార్ 1958 కథలు బానే ఉన్నాయి. 1988 చట్టం వచ్చాక పర్మిట్లు ఎవరడిగినా ఇవ్వాలి. మిథిలేశ్ గర్గ్ కేసు చదవండి.

నేలపాడు_వకీలు
13 సెప్టెంబరు, రాత్రి 9:40

ఇద్దరి మాటా సగం సగం నిజం.

పాత 1939 చట్టంలో ఆర్టీఏ ముందు రూటుకి ఇన్ని బస్సులని సంఖ్య ఖరారు చేసేది, అప్లికేషన్ ప్రచురించి పాత ఆపరేటర్ల అభ్యంతరాలు వినేది. కొత్త చట్టం ఆ తతంగం తీసేసింది. అప్లికేషన్ ఎప్పుడైనా పెట్టొచ్చు, మామూలుగా నిరాకరించకూడదు, నిరాకరిస్తే కారణం రాతపూర్వకంగా ఇవ్వాలి, అంతకుముందు మాట చెప్పుకునే అవకాశం ఇవ్వాలి. ఇదంతా 80వ సెక్షన్. మిథిలేశ్ గర్గ్ కేసులో, 1991 నవంబరులో, 'కొత్త బస్సులొస్తే మా బేరం పోతుంది' అన్న పాత ఆపరేటర్ల మొర సుప్రీంకోర్టు తోసేసింది. ఎక్కువ బస్సులుంటే జనానికే మేలంది.

కానీ ఆ ఉదారం అంతా నోటిఫైడ్ రూట్ల బయటే. ఆరో అధ్యాయం మిగతా చట్టం మీద పైచేయి అని 98వ సెక్షన్ చెప్తోంది. పల్లెబస్సు గారి 34లో 28 దాకా మిథిలేశ్ గర్గ్ రాజ్యం, ఆ 6 మాత్రం ఆదర్శ్ ట్రావెల్స్ రాజ్యం.

కాబట్టి మీరు చేయాల్సిన మొదటి పని ఆ స్కీము గెజిటు కాపీ సంపాదించడం. సమాచార హక్కు కింద అడగండి, 30 రోజుల్లో ఇవ్వాలి. అదే అర్జీలో మీ అప్లికేషన్ ఏ తేదీన ఏ టేబుల్ మీద ఉందో నోట్ ఫైలు కాపీతో సహా అడగండి. కొన్ని స్కీముల్లో మినహాయింపు క్లాజులుంటాయి, అది చదవకుండా కోర్టు మెట్లెక్కొద్దు.

ఇంకోటి. బండి ముందే కొనక్కర్లేదు. 70వ సెక్షన్ అప్లికేషన్లో రూటు, సీట్లు, ట్రిప్పులు, టైమ్ టేబుల్ అడుగుతుంది. బండి ఇప్పటికే చేతిలో ఉండాలని అనదు. మీకు ఆలస్యంగా చెప్తున్నాను, చదివే మిగతావాళ్ళయినా గుర్తుంచుకుంటారని.

ఖమ్మం_అన్న
14 సెప్టెంబరు, ఉదయం 8:25

వకీలు సాబ్ మంచిగ చెప్పిండు. మా దిక్కు కూడా గిదే కథ. 2019ల ఆర్టీసీ సమ్మె నడుస్తున్నప్పుడు నవంబరు 2న కేబినెట్ 5,100 రూట్లు ప్రైవేటుకిస్తమన్నది. మా బామ్మర్ది బండి కొననీకి అడ్వాన్స్ గూడ ఇచ్చిండు. దాని మీద పిల్ పడ్డది, నవంబరు 22న హైకోర్టు కొట్టేసింది, అంటే గవర్నమెంటే గెలిచింది. వారం తిరగకముందే సమ్మె అయిపోయింది, 28న డ్యూటీల చేరమన్నరు. ఇగ ఆ రూట్లు యాడ పోయినయో దేవునికెరుక. అడ్వాన్స్ ల సగమే వాపస్ వచ్చింది.

ప్రైవేటోళ్ళని పక్కన పెట్టు. కరోనా అప్పుడు ఖమ్మం నుంచి బెజవాడకు ఆర్టీసీ బస్సే లేకుండె యాదికుందా? 2020 మార్చి 22న ఆగినయి, మళ్ళ నవంబరు 2న సంతకాలైనంకనే రోడ్డెక్కినయి. ఎవలు ఎన్ని కిలోమీటర్లు తిప్పాల్నన్న పంచాయితి. ఆఖరికి ఏపీ 638 బస్సులు, తెలంగాణ 826 బస్సులు అని తేలింది, కిలోమీటర్లు మాత్రం చెరో 1.61 లక్షలు. రెండు సర్కార్లకే ఏడు నెలలు పట్టింది. మనమెంత?

కాకినాడ_మురళి
14 సెప్టెంబరు, ఉదయం 11:50

అయ్యా అంత తిరుగుడు ఎందుకు. టూరిస్టు పర్మిట్ తీసుకుని అదే రూటులో నడిపేయండి. అందరూ చేసేదే.

నేలపాడు_వకీలు
14 సెప్టెంబరు, మధ్యాహ్నం 1:30

అందరూ చేసేది కాబట్టే అందరికీ కేసులు. టూరిస్టు పర్మిట్ బండి కాంట్రాక్టు క్యారేజి కిందికి వస్తుంది. కాంట్రాక్టు క్యారేజి అంటే మొత్తం బండిని ఒక ఒప్పందం మీద తీసుకెళ్ళడం, దారిలో ఎవర్నిపడితే వాళ్ళని ఎక్కించి దించడం కాదు. కేరళలో 2023లో పత్తనంతిట్ట నుంచి కోయంబత్తూరుకి ఒకాయన ఆలిండియా టూరిస్టు పర్మిట్ మీద రోజూ బస్సు నడిపితే అధికారులు దారిపొడవునా ఆపి ఎంత గొడవైందో చూశారుగా.

జరిమానా చిన్నదనుకోకండి. 2019 సవరణ తర్వాత 192-ఎ సెక్షన్ కింద పర్మిట్ లేకుండా నడిపితే మొదటిసారే ఆరు నెలల దాకా జైలు, 10 వేల జరిమానా. 207 కింద బండి సీజ్ చేస్తారు. వీటికన్నా భయపడాల్సింది ప్రమాదం గురించి. పర్మిట్ లేని బండి ఇన్సూరెన్స్ పాలసీ షరతుల్ని మూలంలోనే ఉల్లంఘించినట్టని 2018లో అమృత్ పాల్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. బాధితులకి ఇన్సూరెన్స్ కంపెనీ ముందు కట్టినా తర్వాత ఓనరు దగ్గర వసూలు చేసుకుంటుంది. 32 మంది బస్సు బోల్తా పడితే ఆ మామిడితోట కూడా మిగలదు.

మోడరేటర్
14 సెప్టెంబరు, మధ్యాహ్నం 2:05

ఇప్పుడే రెండు పోస్టులు తీసేశాను. అధికారుల పేర్లు, ఎవరికెంత ఇచ్చారన్న లెక్కలు ఇక్కడ వద్దు.

రాజమండ్రి_రాజు
14 సెప్టెంబరు, సాయంత్రం 6:44

మధ్యలో దూరుతున్నందుకు ఏమనుకోకండి. నాది కొత్త పర్మిట్ కాదు, రెన్యువల్. గడువు అయిపోయింది, అప్లికేషన్ ఆలస్యంగా పెట్టాను. పట్టించుకోవట్లేదు.

నేలపాడు_వకీలు
14 సెప్టెంబరు, రాత్రి 8:12

గడువుకి కనీసం 15 రోజుల ముందు పెట్టాలి. దాటితే తగిన కారణం చూపిస్తే తీసుకునే అధికారం 81(3) కింద వాళ్ళకుంది. ఆస్పత్రి కాగితాలో ఏవో ఉంటే జతచేయండి. రెన్యువల్ తేలేదాకా 87వ సెక్షన్ కింద తాత్కాలిక పర్మిట్ అడగండి, నాలుగు నెలల దాకా ఇస్తారు. పల్లెబస్సు గారూ, ఇది మీకు పనికిరాదు. కొత్త పర్మిట్ పెండింగులో ఉందన్నది తాత్కాలిక పర్మిట్‌కి కారణం కాదు.

పల్లెబస్సు_ఓనరు
15 సెప్టెంబరు, ఉదయం 5:58

అందరికీ ధన్యవాదాలు. సార్, ఆగి ఉన్న బండికి కూడా మూడు నెలలకోసారి ట్యాక్స్ కట్టమంటున్నారు. మొన్న ఆగస్టులో సుప్రీంకోర్టు వాడని బండికి పన్ను లేదన్నదట కదా, విశాఖ కేసులో?

నేలపాడు_వకీలు
15 సెప్టెంబరు, ఉదయం 9:15

ఆ తీర్పు వచ్చిన మాట నిజం. విశాఖ ఉక్కు ఫ్యాక్టరీ గోడల లోపలే తిరిగే లారీల కేసు. పబ్లిక్ ప్లేసులో వాడని, వాడటానికి ఉంచని బండికి పన్ను వేయకూడదన్నారు. కానీ అక్కడ చుట్టూ ప్రహరీ, గేటు, కాపలా ఉన్నాయి. మామిడితోటకి అది వర్తిస్తుందో లేదో వాదించాల్సిన సంగతి. అంతదాకా ఎందుకు, వచ్చే త్రైమాసికం మొదలవకముందే బండి వాడట్లేదని రాసిచ్చి రసీదు తీసుకోండి. అది ఇవ్వకుండా తర్వాత నేను తిప్పలేదంటే ఎవరూ వినరు.

రిటైర్డ్_డీఎం
15 సెప్టెంబరు, ఉదయం 10:40

ఒక మాట అడుగుతాను తమ్ముడూ, కోపం తెచ్చుకోకు. ఆగస్టు 15 నుంచి ఆడవాళ్ళకి పల్లెవెలుగులో ఉచితం. నీ బస్సుకి టిక్కెట్టు. లెక్క కుదురుతుందా?

పల్లెబస్సు_ఓనరు
15 సెప్టెంబరు, ఉదయం 11:02

మా తొమ్మిది ఊళ్ళకి పల్లెవెలుగు రాదండి. రాని బస్సు ఉచితమైతే ఏం లాభం.

సీటు_నంబరు_23
15 సెప్టెంబరు, ఉదయం 11:10

👏👏

పల్లెబస్సు_ఓనరు
28 అక్టోబరు 2025, సాయంత్రం 5:20

అప్‌డేట్. సమాచార హక్కు కింద నోట్ ఫైలు వచ్చింది. నా ఫైలు పోలేదు. పోయిన ఏడు నవంబరులోనే సర్వే అయింది. 'రూటులో 6.4 కి.మీ. నోటిఫైడ్ రూటు మీద పడుతున్నది' అని రాసి ఉంది. దాని కింద 'చర్చించవలెను' అని ఒక సంతకం. ఆ తర్వాత పదకొండు నెలలు ఏమీ లేదు. ఒక్క ముక్క నా మొహాన చెప్పి ఉంటే అప్పుడే ఏదో ఒకటి చేసుకునేవాణ్ణి కదా.

రిట్ వేశాం. మొదటి వాయిదాలోనే తేలింది. మా మాట విని ఆరు వారాల్లో నిర్ణయం చెప్పమన్నారు. వకీలు గారు ముందే చెప్పడం మంచిదైంది, స్వీట్లు పంచలేదు.

కాకినాడ_మురళి
28 అక్టోబరు, సాయంత్రం 6:01

ఆరు వారాలు దాటితే కోర్టు ధిక్కారం వేసేయండి!

నేలపాడు_వకీలు
28 అక్టోబరు, రాత్రి 7:30

వేయొచ్చు, ఏడాదిలోపు వేయాలి. కానీ మొదటి రోజే కత్తి దూయకండి. ఆర్డరు కాపీ రిజిస్టర్డు పోస్టులో పంపి అక్నాలెడ్జిమెంటు దాచుకోండి. ఆరు వారాలు వాళ్ళకి కాపీ అందిన రోజు నుంచా, తీర్పు రోజు నుంచా అన్నది కూడా ఆర్డరులో చూడండి.

పల్లెబస్సు_ఓనరు
11 డిసెంబరు 2025, రాత్రి 9:15

ఆర్డరు వచ్చింది. నిరాకరించారు. రెండు పేజీలు, 104వ సెక్షన్, 6.4 కిలోమీటర్లు. స్కీములో మా ముక్కకి మినహాయింపు ఏదీ లేదని కూడా రాశారు, గెజిటు తీసి చూశాను, నిజమే.

విచిత్రం ఏంటంటే, చదివాక ఆ రాత్రి బాగా నిద్ర పట్టింది. మా ఆవిడ 'పర్మిట్ రాకపోతే ఇంత హాయిగా ఉన్నావేంటి' అంది. ఏడాదిన్నరగా ఎవరితో కొట్లాడుతున్నానో తెలియలేదు, ఇప్పుడు తెలిసింది.

అప్పీలుకి వెళ్ళమంటారా?

నేలపాడు_వకీలు
12 డిసెంబరు, ఉదయం 7:05

గడువులోపు అప్పీలు వేసి హక్కు కాపాడుకోండి. కానీ నిజం చెప్పాలంటే ఆదర్శ్ ట్రావెల్స్‌ని ట్రిబ్యునల్లో దాటడం కష్టం. స్కీమునే సవరించాలంటే 102వ సెక్షన్ కింద ప్రభుత్వం చేయాలి, దానికోసం మీ కిస్తీలు ఆగవు. స్కీముల మీద పోరాటం ఎప్పుడూ వృథా అనను. కేరళలో ప్రైవేటు బస్సులకి 140 కిలోమీటర్ల హద్దు పెట్టిన స్కీము క్లాజుని 2024లో అక్కడి హైకోర్టు కొట్టేసింది. ప్రతిపాదన ప్రచురించిన ఏడాదిలో ఖాయం కాకపోతే అది రద్దయినట్టేనని 100(4) అంటుంది. మీ స్కీము అలాంటిది కాదు, ఎప్పుడో ఖాయమైంది.

మీకు సలహా: క్రాస్ రోడ్డు నుంచి మొదలుపెట్టి కొత్త అప్లికేషన్ వేయండి. 27.6 కిలోమీటర్లు. నిరాకరణ ఆర్డరు కాపీ దానికే జతచేయండి. మిగతా దారి మీద అభ్యంతరం లేదని వాళ్ళ కాగితమే సాక్ష్యం.

సీటు_నంబరు_23
12 డిసెంబరు, ఉదయం 8:40

అంటే క్రాస్ రోడ్డులో దించేసి వెళ్ళిపోతారా? అక్కణ్ణుంచి కాలేజీకి మళ్ళీ ఆటోనా?

పల్లెబస్సు_ఓనరు
12 డిసెంబరు, ఉదయం 9:12

అదే నాకూ మింగుడు పడట్లేదమ్మా. కానీ తోటలో నిలబెట్టడం కన్నా నయం.

పల్లెబస్సు_ఓనరు
23 జనవరి 2026, రాత్రి 8:50

కొత్త అప్లికేషన్‌కి ఐదు వారాల్లోనే విచారణ నోటీసు వచ్చింది. అదే ఆఫీసు, అవే బల్లలు. ఈసారి ఆర్టీసీ అభ్యంతరం రూటు మీద కాదు, టైమింగ్ మీద. పొద్దున నా బస్సు సంత ఊళ్ళో బయల్దేరి 7:50కి క్రాస్ రోడ్డుకి చేరుతుందని వేశాను. వాళ్ళ పల్లెవెలుగు కూడా సరిగ్గా 7:50కే అక్కడ దాటుతుందట. పోటీ అంటున్నారు.

రిటైర్డ్_డీఎం
23 జనవరి, రాత్రి 9:20

పోటీ ఏంటి, ఆలోచించు. నువ్వు 7:40కి చేరేలా మార్చుకుంటే నీ జనమంతా మా బస్సే కదా ఎక్కేది? ఆడపిల్లలకి అక్కణ్ణుంచి ఉచితం కూడా. విచారణలో ఈ ముక్కే చెప్పు, 'మీ బస్సుకి జనాన్ని తెచ్చిస్తున్నాను' అని. నేను డీఎంగా ఉంటే అభ్యంతరం వాపసు తీసుకునేవాణ్ణి. టైమ్ టేబుల్ సవరిస్తానని రాసిస్తే ఒప్పుకోవాలి కూడా.

ఖమ్మం_అన్న
23 జనవరి, రాత్రి 9:34

డీఎం సాబ్ పార్టీ మారిండు 😀

సీటు_నంబరు_23
23 జనవరి, రాత్రి 9:41

పది నిమిషాలు చాలవండి. కల్వర్టు దగ్గర పొద్దున పూట గేదెలు అడ్డం వస్తాయి, అవి కదలడానికే ఐదు నిమిషాలు. 7:35 వేయించండి.

పల్లెబస్సు_ఓనరు
23 జనవరి, రాత్రి 9:55

7:35 రాసేశాను. రేపు కోడిని దింపాలి.